ముళ్ల నీడలో

న్యూజిలాండ్‌లోని క్రైస్ట్‌చర్చ్ వచ్చిన ఏడాది, సెప్టెంబరు నెలలో ఊరి దక్షిణాన ఉన్న పోర్ట్ హిల్స్ కొండలు ఉన్నట్టుండి పసుపు రంగుకు తిరిగాయి. వీడియో కాల్‌లో చూపిస్తే, కమలాపురం దగ్గరి మా ఊళ్లో అమ్మ ఫోన్ కళ్ల దగ్గరికి తెచ్చుకుని, "ఏం రా, ఆడ గూడా తంగేడు పూస్తాదా?" అంది.

అది గోర్స్. అమ్మ పోల్చుకున్నది తప్పేం కాదు, రెండూ చిక్కుడు కుటుంబానివే. కాకపోతే గోర్స్ పువ్వు తంగేడులా రేకులు విప్పుకోదు, బఠాణీ పువ్వులా సగం ముడుచుకునే ఉంటుంది. పెరిగిన మొక్కకు ఆకులంటూ వేరే కనిపించవు, అన్నీ ముళ్లే. ఎండ బాగా కాసిన మధ్యాహ్నం పొద పక్కన నిలబడితే పచ్చి కొబ్బరి కోరుతున్న వాసన. పండగ ముందు రోజు మా వంటింట్లో ఉన్నట్టే ఉంటుంది నాకు.

బ్రిటన్ నుంచి వలస వచ్చినవాళ్లు పొలాలకు కంచెగా దీన్ని తెచ్చారు. వాళ్ల దేశంలో లేత కొమ్మలు నలగ్గొట్టి గుర్రాలకు మేతగా వేసేవారు, రొట్టెల పొయ్యిల్లో వంటచెరకుగా కాల్చేవారు. 1835 డిసెంబరులో ఇక్కడి ఉత్తర దీవిలోని వైమాటేకు వచ్చిన చార్లెస్ డార్విన్ అప్పటికే గోర్స్ కంచెలు చూశాడు. ఇక్కడి మెత్తని చలి దానికి బాగా పట్టింది. చాలా చోట్ల ఏడాదికి రెండుసార్లు పూస్తుంది. వేసవిలో ఎండిన కాయలు చిటచిటమని పగిలి గింజల్ని దూరంగా విసురుతాయి. ఆ గింజ మట్టిలో 30 ఏళ్లకు పైగా ప్రాణంతో ఉండగలదు. 1931లో గింజలు తినే ముక్కు పురుగును తెచ్చి వదిలారు. కంచెలు అప్పటికీ కావలసి ఉండటంతో మొక్కను చంపే పురుగును మాత్రం తేలేదు. ఆ ముక్కు పురుగు వసంతకాలపు కాయల్లో గింజలు తింటుంది. శరదృతువులో కాసిన కాయలు దాన్ని తప్పించుకుంటాయి.

ఇక్కడి గొర్రెల రైతు దగ్గర గోర్స్ పేరెత్తితే ముఖం మారిపోతుంది. మా జేజి సర్కారు తుమ్మను తిట్టేటప్పుడు సరిగ్గా ఆ ముఖమే. ఒక చలికాలం నేనూ స్వచ్ఛంద సేవకులతో కలిసి కొండమీద గోర్స్ నరికాను. నరికిన మోడుకు వెంటనే మందు పూయాలి, లేకపోతే మళ్లీ చిగురిస్తుంది. మందు పూశాం. మరుసటి ఏడాది చూస్తే మోళ్లు చచ్చాయి గానీ, వాటి మధ్య కొత్త గోర్స్ నారుమడిలా మొలిచింది. నరికి మేం చేసిందల్లా మట్టిలో పడుకున్న గింజలకు వెలుతురు ఇవ్వడమే.

ఆ తర్వాత హినెవాయి అనే రక్షిత అడవికి వెళ్లాను. అది బ్యాంక్స్ ద్వీపకల్పంలో, అకరోవా ఊరికి అవతలి లోయలో ఉంది. 1987లో ఒక ట్రస్టు ఆ భూమి కొన్నప్పుడు అందులో చాలా భాగం గోర్సే. దాన్ని చూసుకుంటూ వచ్చిన వృక్షశాస్త్రవేత్త హ్యూ విల్సన్, గోర్స్‌ను నరకొద్దు, కాల్చొద్దు, పశువుల్ని మాత్రం రానివ్వొద్దు అన్నాడు. చుట్టుపక్కల రైతులకు కోపం వచ్చింది. వాళ్ల స్థానంలో ఉంటే నాకూ వచ్చేది. కానీ ఆయన ఆ మొక్క స్వభావం తెలిసినవాడు. దాని వేరు బుడిపెలు నేలకు నత్రజని ఇస్తాయి. పొద కింద గాలి, ఎండ తగ్గుతాయి, తడి నిలుస్తుంది. పక్షులు రెట్టల్లో వేసిన మాహోయ్ లాంటి స్థానిక చెట్ల గింజలు ఆ నీడలో మొలుస్తాయి. అవి గోర్స్‌ను మించి పెరిగాక గోర్స్‌కు వెలుతురు అందదు. నీడలో అది బతకలేదు.

నేను నడిచిన దారిలో తల మీద మాహోయ్ కొమ్మలు, కాళ్ల దగ్గర ఎండిపోయి బూడిదరంగుకు తిరిగిన గోర్స్ కాండాలు. ఒకదాన్ని చేత్తో నొక్కితే పుటుక్కున విరిగింది. ముళ్లెప్పుడో రాలిపోయాయి. చాలాసేపు అక్కడి నుంచి కదలబుద్ధి కాలేదు.

ఆ రాత్రి అమ్మకు ఇదంతా చెప్పాను. మా ప్రాంతానికి ఇది కొత్త కథేం కాదు. వంటచెరకు కోసమని సర్కారు తుమ్మను 1870ల చివర్లో తెచ్చి నాటింది మా కమలాపురం దగ్గరే. మేం కంపచెట్టు అంటాం. అదీ చిక్కుడు కుటుంబమే, అదీ ముళ్లే. అయితే రెండింటినీ ఒకే గాటన కట్టలేను. కంప తన కింద అంత సులువుగా దేన్నీ రానివ్వదు. దాన్ని మించి నీడ పరిచే చెట్లూ మా మెట్ట భూముల్లో తక్కువే.

అమ్మ అంతా విని కాసేపు ఊరుకుంది. "కాలవ గట్టు మీద కంపలో ఒక వేపమొలక ఉండాది. నడుమెత్తు వచ్చింది. ముళ్లలో ఉంది గాబట్టి మేకలకు అందలా" అంది.

"మరి ఉంచండమ్మా దాన్ని."

"కంప నీళ్లన్నీ లాగేస్తాది, కొట్టేస్తేనే వేప బతుకుతాదని మీ మామ అంటాండాడు. ఆదివారం కూలోళ్లు వస్తారు." మళ్లీ తనే అంది: "ఒక్క వానాకాలం ఆగమని అడిగి చూస్తాలే."