ఓడిపోయిన వాదన

కేసు ఓడిన ఒక వకీలు కొన్నాళ్లుగా నా మనసులోంచి పోవడం లేదు. జేమ్స్ ఓటిస్ బోస్టన్‌లో బ్రిటిష్ రాజు తరఫు న్యాయవాది. ఎవరింట్లోనైనా జొరబడి సోదా చేసే అధికారాన్ని కస్టమ్స్ వాళ్లకిచ్చే వారెంట్లను సమర్థించాల్సి వచ్చింది. ఆయన కొలువు వదిలేసి, ఫీజు ముట్టకుండా ఆ వారెంట్లను ఎదిరించిన వ్యాపారుల పక్షాన నిలబడ్డాడు. 1761 ఫిబ్రవరిలో గంటల తరబడి వాదించాడు. అక్కడ నోట్సు రాసుకుంటున్న పాతికేళ్ల కుర్ర వకీలు జాన్ ఆడమ్స్. అమెరికా స్వాతంత్ర్యం ఆ గదిలోనే పుట్టిందని ఆయన ముసలితనంలో కూడా చెప్పుకున్నాడు.

కేసు మాత్రం పోయింది. ఆ ఏడే జనం ఓటిస్‌ను మసాచుసెట్స్ శాసనసభకు పంపారు. తెల్లవాడైనా నల్లవాడైనా పుట్టుకతో స్వేచ్ఛాజీవేనని 1764లో కరపత్రం రాశాడు. ఆ రోజుల్లో ఆ మాట అనడానికి ఎంత గుండె కావాలి!

1769లో కాఫీహౌస్‌లో ఒక కస్టమ్స్ అధికారి ఆయన తల పగలగొట్టాడు. కోర్టు 2,000 పౌండ్ల పరిహారం ఇప్పిస్తే, క్షమాపణ చాలన్నాడు. అప్పటికే చెదురుతున్న మనసు ఆ తర్వాత పూర్తిగా కుదుటపడనే లేదు. 1783 మే 23న ఆండోవర్‌లో, గుమ్మం దగ్గర నిలబడి ఉండగా పిడుగుపడి పోయాడు. అమెరికా స్వాతంత్ర్యాన్ని బ్రిటన్ ఒప్పుకున్న పారిస్ ఒప్పందంపై సంతకాలు పడింది ఆ సెప్టెంబరులో.