వాళ్ళ శనివారం, మన శనివారం

ఎన్‌బీఏ ప్లేఆఫ్స్ మొదలయ్యే శనివారం ఒకేరోజు నాలుగు ఆటలు పెడతారు. సెలవు కదా, అమెరికా జనం మధ్యాహ్నం నుంచే టీవీ ముందు కూర్చుంటారని లెక్క. 2025 ఏప్రిల్ 19న మొదటి ఆట న్యూయార్క్ టైములో ఒంటిగంటకి, అంటే మనకి రాత్రి 10:30కి. చివరిదైన లేకర్స్ ఆట మనకి ఆదివారం పొద్దున 6కి. మామూలప్పుడు ఆఫీసు హడావిడిలో పడే ఆటలు ఇలా రాత్రిపూట దొరికితే వదుల్తామా :)

ఆ శనివారమే హైదరాబాదు నుంచి వచ్చి, నంద్యాలలో దిగి, ఆళ్లగడ్డ బస్సెక్కి ఇంటికెళ్ళా. రాత్రంతా ఫోన్లో ఆటలు, ఆదివారం మధ్యాహ్నం దాకా నిద్ర. "రెణ్ణెళ్ళకోసారి వస్తావు, పండుకునేదానికేనా నాయనా?" అన్నాడు నాన్న. అప్పటికే తిరుగు బస్సుకి టైమవుతోంది.

ఫైనల్స్ ఏడో ఆట జూన్ 22, వాళ్ళకి ఆదివారం రాత్రి. మనకి సోమవారం పొద్దున 5:30! తిరుగు బస్సులో సిగ్నల్ వచ్చినంతసేపు చూశా. ముందురోజు మాత్రం నాన్నతో పొలానికెళ్ళా.