ఱెక్కలున్న కొండలు

సంస్కృతమున కొండకు అచలమనియు, నగమనియు పేర్లు కలవు. రెంటికిని కదలనిది అనియే అర్థము. చిన్ననాడు మా తండ్రిగారి యొద్ద అమరము వల్లించునపుడు ఈ మాటలను అనుమానింపక నేర్చుకొంటిమి. మొన్న వేసవిలో అరకు కొండలకు పోయి వచ్చినది మొదలు ఆ యర్థమును గూర్చి ఆలోచించుచున్నాము.

మా ఇంటివారు ఉపాధ్యాయులు. ఏడెనిమిదేండ్లుగా విశాఖపట్టణమున కాపురముంటిమి. ఈ యేడు వేఱొక యూరికి బదిలీ యుత్తరువు వచ్చెను. బదిలీ యన్నచో సామాను మూటగట్టుట మాత్రమే కాదని సోదరీమణులకు తెలియును. అలవాటు పడిన పెరడు, పాలు పోయు మనిషి, ప్రక్కింటివారి పలుకరింపు, అన్నియు విడువవలెను. పుట్టినిల్లు వదలి వచ్చిన పిమ్మట మాకిది అయిదవ యిల్లు. మా అత్తగారు మాత్రము ఈసారి, "డెబ్బయ్యేళ్లు వచ్చాయి. నేనింక కదలనమ్మాయీ. మా చెల్లెలింట్లో కొండలా పడి ఉంటాను. మీరు వెళ్లండి" అని ఖండితముగా చెప్పిరి. ఆమెను విడిచి పోవుటకు మాకు మనసొప్పలేదు. బలవంతపెట్టుటకు నోరు రాలేదు. ఊరు విడుచుటకు ముందొకసారి అందరము కలిసి అరకు చూచి రావలెనని నిశ్చయించుకొంటిమి.

పులిహోరయు, పెరుగన్నమును కట్టుకొని ప్రొద్దుటి రైలెక్కితిమి. శృంగవరపుకోట దాటగానే రైలు కొండనెక్క నారంభించును. బైలడిల్ల గనుల ఇనుపరాయిని విశాఖ రేవునకు దింపుటకై 1960-70 నడుమ వేసిన దారి యిది. ఒక సొరంగము దాటునప్పటికి మఱియొకటి వచ్చును. చీకటి క్రమ్మినపుడెల్ల మా అమ్మాయి కేరింతలు కొట్టుచుండగా, అత్తగారు ఆంజనేయుని తలచుకొనుచుండిరి. ఆ తలపులోనే మైనాకుని కథ వచ్చినది. పూర్వము కొండలకు ఱెక్కలుండెడివట. అవి యెగిరి యెక్కడ వ్రాలునోయని లోకము భయపడగా ఇంద్రుడు వజ్రముతో ఱెక్కలు నఱికెను. వాయుదేవుని దయవలన మైనాకుడొక్కడు సముద్రమున దాగి బ్రదికెను. లంకకు పోవు హనుమంతునకు విశ్రాంతినీయ పైకి లేచినవాడతడే. "తక్కినవన్నీ అప్పుడెక్కడ పడ్డాయో అక్కడే ఉన్నాయి" అని అత్తగారు ముగించిరి.

బొఱ్ఱా గుహలలో గోస్థనీ నది చప్పుడు వింటిమి. ఈ నదియే క్రిందికి దిగి భీమునిపట్టణము వద్ద సముద్రమున కలియును. గుహల నుండి పైకి పోవు దారిలో, సిల్వరోకు చెట్ల నీడను కాఫీ తోటలును, ఆ చెట్లనల్లుకొన్న మిరియపు తీగెలును కనులకు చల్లగా నుండెను. ఒకచోట బాట కొఱకు కొండచఱియను తొలిచినారు. మా ఇంటివారు అచట రాలిపడిన రాతిముక్క నొకదానిని తీసి చూపిరి. తుప్పు రంగు రాతిలో దానిమ్మగింజల వంటి ఎఱ్ఱని చుక్కలు. అవి గార్నెట్టు రాళ్లట. భీమిలి యొడ్డున ఇసుకలో ఎఱ్ఱని చారలు కనబడుటకు కారణము ఈ గింజలేనట.

ఈ రాతిపేరు ఖోండలైటు. ఈ కొండలలో నివసించు ఖోండుల పేరుమీదుగా 1902లో శాస్త్రజ్ఞులు ఆ పేరు పెట్టిరి. సుమారు నూఱు కోట్ల యేండ్ల క్రిందట భూగర్భమున వేడికిని ఒత్తిడికిని పదునుదేఱిన రాయి యిది. ఇట్టి రాళ్లే, ఇంచుమించు ఆ వయసువే, దక్షిణ ధ్రువమునొద్ద అంటార్కిటికా తీరమున మంచుక్రింద నున్నవి. ఏలయన ఒకప్పుడు ఆ నేలయు మన నేలయు ఒక్కటియే. సుమారు 13 కోట్ల యేండ్ల నాడు అవి విడిపోయెను. మన దేశము ఈ కొండలను మోసికొని సముద్రము మీదుగా ఉత్తరమునకు సాగి, సుమారు 5 కోట్ల యేండ్ల క్రిందట ఆసియా ఖండమును తాకెను. ఆ తాకిడికి లేచినదే హిమాలయము. ఈ లెక్కను మన తూర్పు కనుమలు హిమవంతునకు తాతముత్తాతలు!

ఖండములు కదలునని 1912లో వెగెనరను జర్మను పండితుడు చెప్పగా పలువురు పరిహసించిరి. ఆయన 1930లో గ్రీన్లాండు మంచులో మరణించెను. సముద్రగర్భమును పరిశోధించిన పిదప 1960 తరువాత గాని లోకము ఆ మాటను అంగీకరింపలేదు.

మా అమ్మాయి చప్పట్లు చఱచి, "నాయనమ్మా! ఈ కొండ కూడా బదిలీ మీద వచ్చిందే!" అనెను. మేము నవ్వితిమి. అత్తగారు నవ్వలేదు. రాతిని అరచేత నుంచుకొని, "ఇంకా కదులుతోందిట్రా?" అని కుమారు నడిగిరి.

"కదులుతోందమ్మా. ఏడాదికి అయిదు సెంటీమీటర్లు. గోరు పెరిగినంత మెల్లిగా. నువ్వు పుట్టినప్పటినుంచి రెండు బారలు జరిగి ఉంటుంది."

ఆమె చాలసేపు లోయవైపు చూచిరి. "అయితే నేను పుట్టిన చోటు కూడా అక్కడ లేదన్నమాట" అని మెల్లగా ననిరి. ఆ మాటకు మేమెవ్వరమును బదులు చెప్పలేకపోతిమి. తిరుగుప్రయాణమున ఆమె మఱి కథలు చెప్పలేదు.

ఱెక్కల కథ కల్ల యనుటకు మాకు నోరాడదు. కొండలు కదలినవని మన పూర్వులు ఊహించిరి. ఎట్లు కదలినవో శాస్త్రజ్ఞులు కొలిచి చూపిరి. ఆడుదాని బ్రదుకున కదలకుండుట యెక్కడిది? ఐనను పోయినచోటనెల్ల పొయ్యి వెలిగించి, తులసి నాటి, నీడనిచ్చుచునే యున్నాము. ఈ కొండలును అంతదూరము వచ్చి కాఫీతోటలను పెంచుట లేదా?

సామాను సర్దునాడు అత్తగారిని మేమేమియు నడుగలేదు. చెల్లెలిగారింటికి పంపవలసిన ఆమె పెట్టె తలుపు ప్రక్కన వేఱుగా నుంచితిమి. మధ్యాహ్నము వంటింటినుండి వచ్చి చూతుము గదా, ఆ పెట్టె మా పెట్టెలతో కలిసి యున్నది. ఆమె తులసికుండీ నెత్తుకొని గుమ్మమున నిలువబడిరి. కుండీలో మొదటికడ ఆ రాతిముక్క యున్నది.

"దీన్ని బండిలో ఎక్కడ పెడతావమ్మాయీ? ఒలికిపోకుండా చూడు" అనిరి.