తెర మీద తానుగానే

ఎన్నికల వార్తలు రాసే మాకు ‘సామాన్యుడు’ నిత్యావసరం. టీ కొట్టు దగ్గరో, రచ్చబండ మీదో అతని ముందు మైకు పెడతాం. ధరలు పెరిగాయన్న ఒక్క మాట దొరకగానే తీసేస్తాం. అతనికి ఇంకేం తెలుసో అడిగే తీరిక మాకుండదు. ఈ సంగతి తలచుకున్నప్పుడల్లా నాకు భిలాయ్ ఉక్కునగరపు తీజన్ బాయి గుర్తొస్తారు.

శ్యామ్ బెనెగల్ ‘భారత్ ఏక్ ఖోజ్’ 1988లో దూరదర్శన్‌లో మొదలైంది. అహ్మద్‌నగర్ కోట చెరలో 1944లో నెహ్రూ రాసిన ‘డిస్కవరీ ఆఫ్ ఇండియా’ దానికి ఆధారం. అందులో నెహ్రూగా కనిపించినవాడు రోషన్ సేఠ్ అనే నటుడు. మహాభారత ఘట్టాల్లో తంబురా పట్టుకుని పాండవాని పాడిన తీజన్ బాయి మాత్రం సాక్షాత్తూ తీజన్ బాయే.

ఆమెది భిలాయ్ సమీపంలోని గనియారి, పార్ధీ కుటుంబం. తాత బ్రిజ్‌లాల్ పాడుతుంటే విని భారతాన్ని కంఠస్థం చేసుకున్నారు. 13వ ఏట తొలి ప్రదర్శన. ముట్టినది 10 రూపాయలు. ఆడవాళ్లు కూర్చునే పాడాలన్న ఆనవాయితీని కాదని, నిలబడి మగవాళ్ల కాపాలిక శైలిలో పాడారు. కులం వెలివేసింది. గుడిసె వేసుకుని, ఇరుగుపొరుగును గిన్నెలు అడిగి తెచ్చుకుని ఒంటరిగా బతికారే గాని పాట మానలేదు. ఆమె ప్రతిభను గుర్తించి బయటి ప్రపంచానికి చూపినవారు రంగస్థల దర్శకుడు హబీబ్ తన్వీర్. భిలాయ్ ఉక్కు కర్మాగారం ఆమెకు ఉద్యోగం ఇచ్చింది.

బుర్రకథ ఎరిగిన మనకు ఆ తీరు కొత్త కాదు. ఆమె చేతిలో తంబురా ఒక క్షణం భీముని గద, మరుక్షణం అర్జునుని విల్లు.

చదువురాని రైతులకు వందల పద్యాలు కంఠతా వచ్చునని నెహ్రూ తన పుస్తకంలో రాశారు. సోవియట్ సహకారంతో 1955లో ఒప్పందం కుదిరి, 1959లో తొలి బ్లాస్ట్ ఫర్నేస్ వెలిగిన భిలాయ్ కూడా ఆయన కాలపు కలే. ఆ కల లెక్కల్లో గనియారి వంటి పల్లె కూలీలను పంపే చోటు మాత్రమే. ఆయన పుస్తకం తెరకెక్కిననాడు అందులోని భారతకథను దేశానికి వినిపించిన గొంతు ఆ పల్లె నుంచే వచ్చింది.

పద్మశ్రీ, 2019లో పద్మవిభూషణ్ ఆమెను వరించాయి. అయినా నాకు ముఖ్యంగా తోచేది వేరు. కెమెరా ఆమె నుంచి ఒక్క వాక్యం ఏరుకుని వెళ్లిపోలేదు. ఆమె కథ చెబుతుంటే ఆగి విన్నది. అక్షరాస్యత పట్టికలో ఆమెది బడి చదువు లేనివారి గడి. ప్రజల గురించి రాసేవాళ్లం ఆ గడిలో ఇంకెన్ని భారతాలు ఉన్నాయో వాకబు చేయాలి.