పేరుకు అర్థం

మా అమ్మాయికి ఆడపిల్ల పుట్టింది. 21వ రోజున బారసాల. పిల్లకు 'అనామిక' అని పేరు పెట్టాలని అమ్మాయీ అల్లుడూ ముచ్చటపడ్డారు. అల్లుడు కొన్న పేర్ల పుస్తకంలో ఆ పేరుకు ఎదురుగా 'సద్గుణవతి, సంస్కృతం' అని ఉన్నది. అంతకు మించి ఒక్క మాట లేదు. పుటలు తిరగవేశాను. ఆడపిల్లల పేర్లలో చాలావాటికి లక్ష్మీదేవి, సౌందర్యవతి, సద్గుణవతి అనే మూడు అర్థాలే వంతులవారీగా కనిపించాయి. దానితో నాకు అనుమానం కలిగింది.

చిన్ననాడు మా తాతగారు వల్లె వేయించిన అమరకోశం తీశాను. ద్వితీయకాండ, మనుష్యవర్గంలో వ్రేళ్ల పేర్లు వరుసగా ఉన్నాయి. బొటనవ్రేలు అంగుష్ఠం, చూపుడువ్రేలు ప్రదేశిని, నడిమివ్రేలు మధ్యమ, ఉంగరపు వ్రేలు అనామిక, చిటికెనవ్రేలు కనిష్ఠ. అనామిక అనే మాటను విడదీస్తే 'పేరు లేనిది' అని అర్థం. సద్గుణాల ప్రసక్తి ఎక్కడా లేదు.

చెప్పనా, మాననా అని రెండు రోజులు తటపటాయించి చివరకు చెప్పాను. "పేరు పెట్టేనాడే బిడ్డను పేరు లేనిదని పిలవమంటారా, మామయ్యగారూ?" అని అల్లుడు చిన్నబుచ్చుకొన్నాడు. అమ్మాయి కళ్లు చెమర్చాయి.

అప్పుడు పండితులు చెప్పుకొనే ముచ్చట ఒకటి చెప్పాను. పూర్వం కవులను లెక్కించబోయి, చిటికెనవ్రేలు ముడిచి 'కాళిదాసు' అన్నారట. ఆయనకు సాటి రాగల రెండవ కవి దొరకలేదు. ప్రక్క వ్రేలికి పేరు దక్కలేదు. అందుకే అది అనామిక అనే పేరును సార్థకం చేసుకొన్నదట. ఇది చమత్కారమే గాని వ్యుత్పత్తి కాదని కూడా చెప్పాను. అయినా అల్లుడి ముఖం విప్పారింది. నిఘంటువు కంటే చమత్కారమే ఆయనకు రుచించినట్లున్నది!

ఆ మాటకు వస్తే నిఘంటువు కూడా అన్నీ చెప్పదు. మా నాయనమ్మ పేరు పెంటమ్మ. బడిలో ఆ పేరు చెప్పడానికి సిగ్గుపడేవాడిని. పెంట అంటే చెత్తకుప్ప. నిఘంటువు చూసినా అంతే. ఆమెకు ముందు పుట్టిన ముగ్గురు బిడ్డలు దక్కలేదు. హీనమైన పేరు పెడితే మృత్యువు కన్ను పడదని నమ్మి ఆ పేరు పెట్టారని మా నాన్న చెప్పేవరకు నాకు తెలియదు. తెలుగునాట పెంటయ్యలు, పెంటమ్మలు అనేకులు అలా పేరు పొందినవారే.

"ఆవిడ ఎన్నేళ్లు బ్రతికింది నాన్నా?" అని అమ్మాయి అడిగింది.

"86 ఏళ్లు" అన్నాను.

బారసాలనాడు పళ్లెంలో బియ్యం పోశారు. అల్లుడు తన వ్రేలి ఉంగరం తీసి, ఆ బియ్యంలో 'అనామిక' అని వ్రాశాడు.