ఎచ్చెర్లలో అయిదో ఆట

శ్రీకాకుళం జిల్లా చూడవచ్చిన వారికి ఎచ్చెర్ల పేరు ఎవరూ చెప్పరు. అరసవల్లి సూర్యనారాయణమూర్తిని సేవించమంటారు. శ్రీకూర్మం వెళ్ళమంటారు. శాలిహుండం కొండ యెక్కి బౌద్ధస్తూపాల మధ్య కాసేపు నిలబడమంటారు. వచ్చేటప్పుడు పొందూరు ఖద్దరు తెచ్చుకోమంటారు. విశాఖపట్నం నుంచి జాతీయ రహదారి మీద వచ్చే బస్సు యింకో పది కిలోమీటర్లలో శ్రీకాకుళం చేరుతుందనగా, ప్రయాణికులు పైనున్న సంచులు దింపుకుంటూ వుంటారు. సరిగ్గా అప్పుడే కిటికీ పక్కనుంచి దాటిపోయే వూరు ఎచ్చెర్ల.

నేను మాత్రం యేటా పనిగట్టుకుని అక్కడ దిగుతాను.

1977లో ఆంధ్ర విశ్వవిద్యాలయం వారు యిక్కడ వొక స్నాతకోత్తర కేంద్రం పెట్టారు. 2008లో అది డాక్టర్ బి.ఆర్. అంబేద్కర్ పేరుతో సొంత విశ్వవిద్యాలయమైంది. విశాఖలో గది అద్దె యిచ్చుకోలేని పిల్లలకు అప్పటి నుంచీ యింటి అన్నం తిని ఎమ్మే చదువుకునే యోగం పట్టింది. ఉదయం తొమ్మిదింటికి ఆ గేటు ముందు నిలబడి చూడండి. పల్లె బస్సు ఆగితే ముందు టిఫిను క్యారియర్లు దిగుతాయి. వాటి వెనుక పిల్లలు దిగుతారు.

తెలుగు చెప్పుకునేవాడికి యేటేటా అక్కడేం పని అంటారా? కబడ్డీ. మాది శ్రీకాకుళానికి అవతల వున్న వొక చిన్న డిగ్రీ కళాశాల. వ్యాయామ అధ్యాపకుడి ఉద్యోగం నాలుగేళ్ళుగా ఖాళీ. "సంధులు విడదీసేవారు, ఏడుగురిని కలపలేరా?" అని అధికారులు చమత్కరించి, యీల నా చేతిలో పెట్టారు. ఆ చమత్కారానికి నవ్వవలసి రావడమే నా మొదటి ఓటమి.

కిందటేడు మా జట్టు అయిదు ఆటలు ఆడింది. అయిదూ పోయాయి.

మొదటి నాలుగింటి గురించి చెప్పడానికి పెద్దగా యేమీ లేదు. మా వాళ్ళు సాధన చేసేది కళాశాల వెనుక దుక్కి దున్నించిన నేల మీద, వట్టి కాళ్ళతో. పోటీలు జరిగేది రబ్బరు చాప మీద. పదమూడు మీటర్ల పొడవు, పది మీటర్ల వెడల్పు. మట్టిలో కాలు కాస్త జారినా మన్ను ఆపుతుంది. చాప మీద జోడు లేనివాడి పాదం నిలవదు, జోడు కొత్తగా తొడిగినవాడి పాదం కదలదు. దీనికి తోడు నిబంధనలు. మా చిన్నప్పటి చెడుగుడులో వూపిరి వున్నంతసేపూ కూత, కూత వున్నంతసేపూ ఆట. ఇప్పుడు గడియారం ముప్పయి సెకండ్లు లెక్కపెడుతుంది. వరసగా రెండుసార్లు వుత్త చేతులతో తిరిగి వస్తే, మూడోసారి పాయింటు తేవాలి. లేకపోతే వెళ్ళినవాడు అవుట్. జట్టు మొత్తం అవుటైతే అవతలివారికి రెండు పాయింట్లు అదనం. దుక్కి నేల మీద దమ్ము పెంచుకున్న పిల్లలకు గడియారంతో పోట్లాడడం చేతకాలేదు.

అసలు దెబ్బ మరొకటి వుంది. మా మొదటి రెయిడరు ఆగస్టులోనే వెళ్ళిపోయాడు. సముద్రపు వొడ్డు పల్లె కుర్రవాడు. పట్టుకున్న చేతుల్లోంచి చేపలాగా జారిపోయేవాడు. తండ్రి నడుము దెబ్బతిన్నది. ఇంట్లో అప్పు వుంది. మేనమామ గుజరాత్‌లోని వేరావల్ రేవులో వొక బోటుకు తండేలు. ఆయన వెంట వెళ్ళాడు.

ఈ జిల్లాకు 193 కిలోమీటర్ల తీరం వుంది. అయినా పెద్ద బోట్లు నిలిపే రేవులు కరువై, యిక్కడి మత్స్యకారులు తరాలుగా దేశానికి ఆ చివరనున్న సముద్రానికి వలస పోతున్నారు. వానాకాలపు వేట నిషేధం తీరగానే వెళ్ళి, యెండలు ముదిరే వేళకు తిరిగి వస్తారు. 2018 చివర్లో శ్రీకాకుళం, విజయనగరం తీరాల వాళ్ళు అలా వేటకు పోయి సరిహద్దు దాటారని పాకిస్తాన్ వారికి చిక్కారు. వాళ్ళు యిళ్ళకు చేరింది 2020 జనవరిలో. ఆ పదమూడు నెలలూ యీ పల్లెల్లో ఆడవాళ్ళు ఎట్లా వేగారో చెప్పడం నా చేతకాదు. మా కుర్రవాడి తల్లికి మాత్రం ఆ సంగతి తెలుసు. తెలిసీ పంపింది.

నాలుగో ఆట పోయిన సాయంత్రం తిరుగు బస్సులో ఎవరూ మాట్లాడలేదు. ఆ నిశ్శబ్దం భరించలేక, అమెరికా ఫుట్‌బాలు సంగతి యెత్తుకున్నాను. పేరుకే పాదాల ఆట, నడిపించేదంతా చేతులతోనే. కోడిగుడ్డు ఆకారపు బంతిని చంకలో పెట్టుకుని, తలకు శిరస్త్రాణాలు తగిలించుకుని, వొకరినొకరు గుద్దుకుంటూ గీత దాటిస్తారు. ఒక్క మాటలో చెప్పాలంటే మన కబడ్డీకి కవచకుండలాలు తొడిగినట్టు వుంటుంది. అక్కడి కళాశాలల ఆటలకు వేల జనం చేరతారు. టెక్సస్ రాష్ట్రంలో ప్రైరీ వ్యూ అని నల్లజాతి విద్యార్థుల కోసం పుట్టిన కళాశాల వొకటి. డబ్బుకు కటకట వచ్చి 1990లో ఆ యేటి ఆటలే మానుకున్నారు. మళ్ళీ మొదలుపెట్టినా, 1989 నుంచి 1998 దాకా వరసగా 80 ఆటలు ఓడిపోయారు. 1998 సెప్టెంబరులో లాంగ్‌స్టన్ కళాశాల మీద 14-12తో గెలిచి వూపిరి పీల్చుకున్నారు. న్యూయార్కులోని కొలంబియా, పేరు మోసిన విశ్వవిద్యాలయం కదా, వాళ్ళు 44 ఆటలు ఓడారు.

"ఎనబయ్యా మాస్టారూ! మనం ఇంకా నాలుగే!" అన్నాడొకడు. బస్సంతా నవ్వింది. కండక్టరు కూడా నవ్వాడు.

కిటికీ దగ్గర కూర్చున్న మూడో సంవత్సరం కుర్రవాడొక్కడు నవ్వలేదు. "మరి మద్దిలో ఆడినోల్ల మాటేటండీ? ఆల్లు ఒక్కపాలి కూడా గెలవకుండానే సదువైపోయి ఎలిపోయుంటారు గదండీ?"

కథ చెప్పినప్పుడు నాకు తట్టని ప్రశ్న యిది. కొలంబియా లెక్క తీసి చూస్తే వాడన్నది అక్షరాలా నిజం. 1984 నుంచి 1987 దాకా నాలుగేళ్ళ పాటు అక్కడ వొక్క గెలుపు లేదు. 1984లో చేరి అక్కడ ఆడినవాడు, 1988 అక్టోబరులో తన కళాశాల ప్రిన్స్‌టన్‌ను 16-13తో ఓడించిన నాడు, యెక్కడో వుద్యోగంలో కూర్చుని పేపర్లో చదువుకుని వుంటాడు. మా జట్టులో మూడో సంవత్సరం వాళ్ళు ముగ్గురు. వాళ్ళకు మిగిలింది వొకటే ఆట.

ఆ ఆటకు వెళ్ళే ముందు శ్రీకాకుళంలో బస్సు మారాము. అక్కడి క్రీడా మైదానానికి కోడి రామమూర్తి నాయుడు గారి పేరు పెట్టారు. వీరఘట్టంలో పుట్టిన మహాబలశాలి ఆయన. (వీరఘట్టం 2022 నుంచి పార్వతీపురం మన్యం జిల్లాలో వుంది. మనుషులే కాదు, వూళ్ళూ వలస పోతాయి.) పిల్లలు మాత్రం ఆమదాలవలస దగ్గరి ఊసవానిపేట అమ్మాయి కరణం మల్లీశ్వరి గురించి వాదించుకుంటున్నారు. 2000లో సిడ్నీ ఒలింపిక్సులో ఆమె మొత్తం 240 కిలోలు యెత్తింది. ముందున్న యిద్దరూ 242.5. ఆఖరిసారి 137.5 కిలోలు యెత్తబోయి వదిలేసింది. అది నిలిచి వుంటే బంగారమే. "132.5 అడిగుంటే సరిపోయేది" అని వొకడు, "పెద్దదే అడగాలి" అని మరొకడు. వాళ్ళిద్దరూ అప్పటికి పుట్టనే లేదు.

అయిదో ఆట ఎచ్చెర్లలో యెండ తగ్గాక జరిగింది. మొదటి సగంలో పది పాయింట్లు వెనుకబడ్డాము. రెండో సగంలో, బస్సులో నవ్వని కుర్రవాడు వరసగా ముగ్గురిని పట్టాడు. అవతలి జట్టు మొత్తం అవుటైంది. నా యీల ఎక్కడ పడిపోయిందో నాకు తెలియదు. చివరి నిమిషంలో సమానమయ్యాము. ఆఖరి రెండు కూతల్లో రెండు పాయింట్లు పోయాయి. 31-29.

ఆ ముగ్గురూ చాప అంచున కూర్చుని జోళ్ళు విప్పుకున్నారు. అరువు తెచ్చిన జోళ్ళు. మర్నాడు తిరిగి యివ్వాలి.

రోడ్డు మీద టీ కొట్టు దగ్గర వుండగా ఫోను మోగింది. వేరావల్ నుంచి. బోటు ఆ పూటే రేవుకు వచ్చిందట.

"ఎంత తేడా?"

"రెండు."

అవతల కాసేపు గాలి చప్పుడు. "కుడి మూల ఎవుడు నిలబడ్డాడు?" చెప్పారు. "ఆడు సెయ్యి ముందే సాపేస్తాడురా. సీలమండ పట్టీమను. నాను సెప్పేను కదా!" ఇక చర్చ మొదలైంది. ఏడుగురూ ఫోను చుట్టూ మూగి, ఆట మళ్ళీ మొదటి నుంచీ ఆడారు. టీ చల్లారింది. ఒక బస్సు వెళ్ళిపోయింది.

ఫోను పెట్టేశాక మూడో సంవత్సరం కుర్రవాడు నా దగ్గరికి వచ్చి, మడిచిన నోట్లు నా చేతిలో పెట్టాడు. ఆటగాళ్ళకు ఆ పూట యిచ్చిన బత్తా, ఏడుగురిదీ.

"ఆడి పరీచ్చ పీజండీ. సుక్రారం ఆకరు రోజు. ఇప్పుడు రాయలేకపోనా, పేరుంటే పై తరగతికి పంపుతారట గదా. మిగతాయి తరవాత రాసుకుంటాడు."

"మరి మీరు భోజనం?"

"ఇంటికాడ ఉంటాది గదండీ."

లెక్క చూస్తే కొద్దిగా తక్కువైంది. టీ డబ్బులతో పాటు అదీ నేను కలిపాను. శుక్రవారం మధ్యాహ్నం కళాశాల కార్యాలయంలో రుసుము కట్టి, రసీదు నా హాజరుపట్టీలో పెట్టుకున్నాను. ఏప్రిల్లో బోట్ల వాళ్ళు తిరిగి రావడం మొదలవుతుంది.