నోరులేని ప్రయాణికుడు

ప్రయాణం అనగానే మనిషి మనసు ముందుగా పెట్టె మీదికి పోతుంది. ఏ బట్టలు సర్దుకోవాలి, ఏ బండి ఎక్కాలి, దారిలో ఏమి తినాలి అని ఆలోచిస్తాడు. ఇంటికి తాళం వేసే వేళకు గాని, గుమ్మంలో తోక ఆడిస్తూ నిలబడిన ప్రాణి అతనికి గుర్తు రాదు. ఎక్కడికి వెళుతున్నారని అది అడగదు. ఎప్పుడు తిరిగి వస్తారనీ అడగదు. అది అడగలేని ప్రశ్నలను దాని పక్షాన తామే వేసుకోవడం పెంపుడు జంతువుతో ప్రయాణం తలపెట్టినవారి మొదటి కర్తవ్యం.

కుక్కతో సాగిన ప్రయాణమనగానే మహాభారతంలోని మహాప్రస్థానిక పర్వం స్ఫురిస్తుంది. ద్రౌపదీ, తమ్ములూ ఒక్కొక్కరే నేలకొరిగిన తరువాత ధర్మరాజు వెంట మిగిలినది ఒక శునకం మాత్రమే. ఇంద్రుడు రథంతో ఎదురై, కుక్కకు స్వర్గంలో చోటు లేదన్నాడు. నమ్మి వచ్చినదానిని విడిచిపెట్టి తాను రానని ధర్మరాజు నిలిచిపోయాడు. ఆ శునకం ధర్మదేవతయేనని పిదప తెలిసింది. ఈ కథ అందరూ ఎరిగినదే. అయితే ఇందులో అంతగా గమనింపబడని విషయం ఒకటి ఉన్నది. ఆ కుక్కను ఎవరూ పిలవలేదు, ఎవరూ దాని మెడకు పట్టా కట్టలేదు. అది తానై వెంట నడిచింది. తానై వచ్చిన ప్రాణి పట్లనే అంతటి బాధ్యత ఉంటే, గొలుసు కట్టి బండి ఎక్కించి తీసుకొనిపోయేవారికి ఎంత ఉండాలి?

హైదరాబాదులోని ఒక బ్యాంకు ఉద్యోగి కుటుంబానికి ఒక సంక్రాంతికి ఈ ప్రశ్న ఎదురైంది. ఆయన స్వగ్రామం కోనసీమలో ఉన్నది. తల్లి అక్కడ ఒంటరిగా ఉంటున్నది. హైదరాబాదు ఇంట్లో భార్య, ఇంటర్మీడియట్ చదివే కుమార్తె, ఎనిమిదేళ్ల కుక్క చిన్ని ఉన్నారు. అంతకుముందు ఏడాది పండుగకు వెళుతూ, చిన్నిని జంతువులను చూసుకొనే ఒక చోట నాలుగు రోజులు విడిచిపెట్టారు. అన్నాళ్లూ అది ముద్ద ముట్టలేదని తిరిగి వచ్చాక తెలిసింది. ఆ తరువాత కొన్ని వారాలపాటు అమ్మాయి చెప్పులు తొడుక్కుంటే చాలు, అది వెళ్లి గుమ్మానికి అడ్డంగా పడుకొనేది.

“చిన్ని రాకపోతే ఈసారి నేనూ రాను నాన్నా” అన్నది అమ్మాయి.

“కుక్క కోసం పండుగ మానుకుంటామా?” అన్నాడు తండ్రి.

“ముందు డాక్టరుగారికి చూపిద్దాం” అన్నది తల్లి.

పశువైద్యుడు చిన్నిని పరీక్షించి, ప్రయాణానికి తగిన ఆరోగ్యం ఉన్నదన్నాడు. ముసలివి, జబ్బుపడినవి, చూలుతో ఉన్నవి అయితే తెలిసినవారి సంరక్షణలో ఇంటనే ఉంచడం మేలనీ, పిల్లులకు సాధారణంగా అలవాటైన చోటును విడవడమే పెద్ద బాధ అనీ చెప్పాడు. రేబిస్, డిస్టెంపర్, పార్వో వ్యాధుల టీకాల గడువు చూసుకోమన్నాడు. టీకా వేసిన మరుక్షణమే రక్షణ కలగదు. శరీరంలో నిరోధకశక్తి ఏర్పడడానికి కొన్ని వారాలు పడుతుంది. కనుక ఆ పని ప్రయాణానికి నెల ముందే ముగియాలి. కొత్త ఊరి కుక్కల నుండి చిన్నికి ఎంత ప్రమాదమో, చిన్ని నుండి వాటికీ అంతే ప్రమాదం. 2018లో గిర్ అడవిలో ఇరవైకి పైగా సింహాలు మరణించినప్పుడు, వాటిలో కొన్నింటి మరణానికి డిస్టెంపర్ వైరస్ కారణమని తేలింది. పెంపుడు కుక్కలను అభయారణ్యాలకు దూరంగా ఉంచవలసిన కారణాలలో ఇది ఒకటి.

తరువాత బండి సంగతి వచ్చింది. రైలులో కుక్కను వెంట ఉంచుకోవాలంటే ప్రథమ శ్రేణిలో ఇద్దరు పట్టే కూపేను గాని, నలుగురు పట్టే కేబిన్‌ను గాని పూర్తిగా తమకే తీసుకోవాలి. పార్సిల్ కార్యాలయంలో తూకం వేయించి రుసుము చెల్లించాలి. స్లీపరు, మూడంతస్తుల ఏసీ పెట్టెలలో అనుమతి లేదు. అది కుదరకపోతే బ్రేక్ వ్యానులోని పెట్టెలో అది ఒంటరిగా రాత్రంతా గడపాలి. ఆ మాట వినగానే అమ్మాయి ముఖం చిన్నబోయింది. చివరకు కారులో వెళ్లాలని నిశ్చయించారు. ప్రయాణం సుమారు 450 కిలోమీటర్లు. చిన్నికి అలవాటు కావడానికి రెండు వారాల ముందు నుండి ఊరి చుట్టూ చిన్నచిన్న దూరాలు తిప్పారు. మెడపట్టాకు ఫోను నంబరు చెక్కిన బిళ్ల తగిలించారు. నాలుగు గంటల ముందే తేలికగా తిండి పెట్టి, వెనుక సీటులో పట్టీతో కట్టి కూర్చోబెట్టారు.

సూర్యాపేట వద్ద కారు ఆపి, “అయిదు నిమిషాలే కదా, అద్దాలు ఎక్కించి టీ తాగి వద్దాం” అన్నాడు తండ్రి. అమ్మాయి కదలలేదు. మనిషికి వలె కుక్కకు ఒళ్లంతా చెమట పట్టదు. నాలుక చాచి వగర్చడమే అది వేడిని తగ్గించుకొనే ప్రధాన మార్గం. ఎండలో మూసి ఉంచిన కారులో పది నిమిషాలలోనే దాదాపు పది డిగ్రీల వేడి పెరగవచ్చు. ముగ్గురూ వంతులవారీగా టీ తాగి వచ్చారు. జంతువులకు అనవసరమైన బాధ కలిగే రీతిలో వాటిని తరలించడం 1960 నాటి జంతుహింస నివారణ చట్టం ప్రకారం నేరం. ప్రాణుల పట్ల కరుణ చూపడం పౌరుల ప్రాథమిక విధి అని 1976లో రాజ్యాంగంలో చేర్చిన 51ఏ అధికరణం చెబుతున్నది. చట్టం చెప్పినా చెప్పకపోయినా, ఆ అమ్మాయి అక్కడే కూర్చొని ఉండేది.

పండుగ ఇంట మరికొన్ని జాగ్రత్తలు అవసరమైనాయి. గారెలలోని ఉల్లిపాయ, పరమాన్నంలోని ఎండుద్రాక్ష, పిల్లలు ముద్దుగా పెట్టే చాక్లెట్టు కుక్కకు విషతుల్యాలు. ఉడికిన కోడి ఎముక పుల్లలుగా చీలి పేగులకు గుచ్చుకొంటుంది. ఇవి పెట్టవద్దని అమ్మాయి వచ్చిన బంధువులందరికీ పేరుపేరునా చెప్పింది.

కనుమనాడు జగ్గన్నతోటలో ప్రభల తీర్థం. డప్పుల మోత, జనసమ్మర్దం. మనిషి వినలేని ధ్వనులను సైతం వినే చెవులు గల ప్రాణిని అక్కడికి తీసుకొనిపోవడం తగదు. ఎవరో ఒకరు ఇంట ఉండాలి. “మీరు వెళ్లిరండి, నేను ఉంటాను” అన్నాడు తండ్రి. కుక్క కోసం పండుగ మానుకుంటామా అని అడిగినవాడు ఆయనే.

అరుగు మీద తల్లీ కొడుకులు, వారి కాళ్ల దగ్గర చిన్ని. వీధిలో పసుపు కుంకుమలు పూసిన ఎడ్లు గంటలు మోగించుకొంటూ వెళుతున్నాయి.

“దారిలో ఎన్నిసార్లు ఆపావురా?” అని అడిగింది తల్లి.

“నాలుగుసార్లమ్మా. దానికి కాళ్లు పట్టేస్తాయని.”

ఆమె చిన్ని తల నిమిరింది. “మంచిపని చేశావు. పోయినేడు నన్ను మీ ఇంటికి తీసుకొనిపోయినప్పుడు ఒక్కసారే ఆపావు. మోకాళ్లు పట్టేశాయి. తొందరలో ఉన్నావు కదా అని నేనే చెప్పలేదు.”

కొడుకు మాట్లాడలేదు. ఆమె గొంతులో నిష్ఠురం లేదు. ఉంటే సమాధానం చెప్పడం ఆయనకు సులభమయ్యేది.

కనుమనాడు కాకైనా కదలదంటారు. మరునాడు కూడా ఉండి, ఆ తరువాత బయలుదేరారు. ఈసారి తల్లి కూడా వారితో వచ్చింది. రావులపాలెం దాటి రెండు గంటలు గడిచిన తరువాత ఆయన ఒక చెట్టు నీడన కారు ఆపాడు. అమ్మాయి గొలుసు పట్టుకొని చిన్నిని దింపింది. ఆయన మాత్రం ఇటు తిరిగివచ్చి, తల్లి పక్కనున్న తలుపు తెరిచి చేయి అందించాడు.

“కాసేపు దిగుతావా అమ్మా?” అని అడిగాడు.